కాపలాదారు కళ్ళకు గంతలు కడితే?

ఎచ్చెర్ల మీదుగా పోయే 16వ నంబరు జాతీయ రహదారి మీద రాత్రింబవళ్ళు లారీలు తిరుగుతూనే ఉంటాయి. మా బడి పిల్లల్లో లారీ డ్రైవర్ల బిడ్డలు కూడా ఉన్నారు. ఏప్రిల్ నెల, ఒంటిపూట బడుల రోజులు. ఒక సోమవారం ఉదయం తొమ్మిదో తరగతి కుర్రవాడొకడు ముఖం వేలాడేసుకుని వచ్చాడు.

"ఏమిరా, ఒంట్లో బాగులేదా?" అని అడిగాను.

"నాన్న లారీ ఘాటు రోడ్డులో ఆగిపోయింది మాస్టారూ. ఇంజను పట్టేసిందట. ఇంకో లారీకి కట్టి లాక్కొస్తున్నారు" అన్నాడు.

వాళ్ళ నాన్న సాలూరు మీదుగా సుంకి ఘాటు రోడ్డెక్కి, కోరాపుట్ దాటి, జగదల్‌పూర్ వైపు సరుకు తోలుతుంటాడు. మిట్టమధ్యాహ్నం, నిండా బరువు, ఎత్తైన రోడ్డు. ఇంజను ఆగిపోయాక క్లీనరు తొందరపడి రేడియేటరు మూత తిప్పి చెయ్యి కాల్చుకున్నాడట కూడా.

కుర్రవాడు కాసేపాగి ఒక ప్రశ్న అడిగాడు: "ఆ లారీలో కంప్యూటరుంది మాస్టారూ. ఇంజను వేడెక్కితే అదే చూసుకుంటుందని నాన్న ఎప్పుడూ చెబుతాడు. మరి ఎందుకు చూసుకోలేదు?"

చాలా మంచి ప్రశ్న. దీనికి జవాబు మా తరగతి పిల్లలే కనిపెట్టారు. ఎలా కనిపెట్టారో చెబుతాను. కాని అంతకు ముందు మనం మూడు సంగతులు తెలుసుకోవాలి. డీజిలు ఇంజనులో వేడి ఎక్కడినుంచి వస్తుంది? అది ఎటు పోతుంది? ఎంత వేడెక్కిందో కంప్యూటరుకు ఎలా తెలుస్తుంది?

అగ్గిపుల్ల లేని మంట

సైకిలు పంపు తీసుకోండి. దాని మూతిని వేలితో గట్టిగా మూసి నాలుగైదుసార్లు బలంగా కొట్టండి. ఇప్పుడు పంపు అడుగుభాగాన్ని ముట్టుకుని చూడండి. వెచ్చగా ఉంటుంది. గాలిని గబుక్కున నొక్కితే అది వేడెక్కుతుంది. డీజిలు ఇంజను రహస్యమంతా ఇంతే.

పెట్రోలు ఇంజనులో ఇంధనాన్ని అంటించడానికి స్పార్కు ప్లగ్గు ఉంటుంది. డీజిలు ఇంజనులో అది ఉండదు. సిలిండరులోకి ముందుగా ఉత్త గాలే వెళుతుంది. పిస్టను ఆ గాలిని సుమారు 16 నుంచి 18 రెట్లు కుదిస్తుంది. అప్పుడు గాలి ఉష్ణోగ్రత 500 డిగ్రీల సెల్సియస్ దాటిపోతుంది. డీజిలు తనంతట తానే అంటుకోవడానికి ఇందులో సుమారు సగం వేడి చాలు. ఆ క్షణంలో సన్నని రంధ్రాల గుండా డీజిలును తుంపరగా చిమ్మితే భగ్గున మండుతుంది. మంట ఉష్ణోగ్రత క్షణకాలం 2000 డిగ్రీలు కూడా దాటుతుంది. ఆ వేడికి వాయువులు వ్యాకోచించి పిస్టనును కిందికి నెడతాయి. చక్రాలు తిరుగుతాయి.

ఈ ఆలోచన 1858లో పారిస్‌లో పుట్టిన జర్మను ఇంజనీరు రుడాల్ఫ్ డీజిల్‌ది. 1892లో ఆయన దీని మీద పేటెంటు కోరాడు. 1897లో జర్మనీలోని ఆగ్స్‌బర్గ్ నగరంలో ఆయన ఇంజను పరీక్షకు నిలిచి, ఇంధనంలోని శక్తిలో సుమారు 26 శాతాన్ని పనిగా మార్చి చూపింది. ఆనాటి ఆవిరి యంత్రాలు సాధారణంగా అందులో సగం కూడా చూపలేకపోయేవి. నేటి లారీ ఇంజన్లు 40 శాతం దాకా అందుకుంటున్నాయి.

మరి మిగిలిన 60 శాతం ఏమయినట్లు? అదంతా వేడే!

ఒక లెక్క వేద్దాం

ఈ వేడి ఎంతో అంకెల్లో చూస్తేనే అర్థమవుతుంది. కోరాపుట్ పట్టణం సముద్రమట్టానికి సుమారు 870 మీటర్ల ఎత్తున ఉంది. సాలూరు కొండల కింద ఉంది. సరుకుతో కలిపి 25 టన్నులున్న ఒక లారీ 700 మీటర్ల ఎత్తు ఎక్కిందనుకుందాం.

చేసిన పని = ద్రవ్యరాశి × గురుత్వ త్వరణం × ఎత్తు

= 25,000 × 9.8 × 700 = 17 కోట్ల 15 లక్షల జౌళ్ళు.

ఒక లీటరు డీజిలు మండితే సుమారు 3 కోట్ల 60 లక్షల జౌళ్ళ శక్తి వస్తుంది. అందులో 40 శాతం, అంటే 1 కోటి 44 లక్షల జౌళ్ళు పనికి వస్తాయి. కాబట్టి కేవలం ఆ ఎత్తు ఎక్కడానికే దాదాపు 12 లీటర్ల డీజిలు కావాలి. రోడ్డు రాపిడినీ గాలి నిరోధాన్నీ మనం లెక్కలోకి తీసుకోలేదు.

ఆ 12 లీటర్లలో వృథా అయ్యే వేడి సుమారు 26 కోట్ల జౌళ్ళు. ఒక లీటరు నీటిని 30 డిగ్రీలనుంచి 100 డిగ్రీలకు తేవడానికి 70 × 4,200 = 2 లక్షల 94 వేల జౌళ్ళు కావాలి. భాగించి చూడండి. సుమారు 880 లీటర్లు వస్తుంది. అంటే లారీ ఒక్కసారి కొండెక్కేసరికి, 15 లీటర్లు పట్టే బిందెలతో దాదాపు 60 బిందెల నీళ్ళు మరిగించగల వేడి వృథాగా బయటపడుతుందన్నమాట.

వేడి ఎటు పోతుంది?

ఈ వృథా వేడిలో చాలా భాగం పొగగొట్టం గుండా వెళ్ళిపోతుంది. మిగిలినదానిలో ఎక్కువ భాగాన్ని సిలిండర్ల చుట్టూ తిరిగే నీరు మోసుకుపోవాలి. ఆ నీటిలో తుప్పు పట్టకుండా కాపాడే ద్రవం కలుపుతారు. దానినే కూలెంటు అంటారు. వేడెక్కిన నీరు రేడియేటరులోని సన్నని గొట్టాలగుండా పోతుంది. గొట్టాల మధ్య పలుచని రేకులుంటాయి. ఆ రేకుల సందుల్లోనుంచి గాలి దూసుకుపోతూ వేడిని పట్టుకుపోతుంది.

ఇంజను మరీ చల్లగా ఉన్నా మంచిది కాదు. అందుకని నీరు సుమారు 80 డిగ్రీలు దాటేవరకు దానిని రేడియేటరులోకి పోనివ్వకుండా థర్మోస్టాటు అనే తలుపు అడ్డుపడుతుంది. అందులోని మైనం వేడికి కరిగి వ్యాకోచించినప్పుడు తలుపు తెరుచుకుంటుంది.

రేడియేటరు మూత కూడా ఉత్త మూత కాదు. అది ప్రెషర్ కుక్కరు మూతలా పని చేస్తుంది. లోపలి పీడనం బయటికన్నా ఒక వాతావరణ పీడనం అదనంగా ఉంటే నీరు 120 డిగ్రీల దాకా మరగదు. ఆవిరి కాకుండా నీరుగానే ఉండి వేడిని మోస్తుంది. కాని అటువంటప్పుడు మూత తీస్తే ఏమవుతుంది? పీడనం ఒక్కసారిగా పడిపోతుంది. 110 డిగ్రీలున్న నీరు ఆ క్షణంలోనే కుతకుత మరిగి ముఖం మీదికి చిమ్ముతుంది. క్లీనరు చెయ్యి కాలింది ఇందుకే. వేడి ఇంజను మీద రేడియేటరు మూతను ఎన్నడూ తిప్పరాదు. ఈ వాక్యాన్ని మీ ఇంట్లో డ్రైవర్లుంటే వాళ్ళకు చదివి వినిపించండి.

ఇక ఘాటు రోడ్డులోనే ఇంజను ఎందుకు ఎక్కువ వేడెక్కుతుంది? చదును రోడ్డు మీద లారీ వేగంగా పోతుంటే ఎదురుగాలి దానంతటదే రేడియేటరులోకి దూరుతుంది. కొండ ఎక్కేటప్పుడు ఇంజను పూర్తి బలంతో పని చేస్తుంది, బండి మాత్రం మనిషి పరుగెత్తినంత వేగంతో పోతుంది. అంటే వేడి ఎక్కువ, గాలి తక్కువ. అప్పుడు రేడియేటరు వెనకనున్న పెద్ద ఫ్యానే దిక్కు. కొత్త లారీల్లో చాలావాటిలో ఆ ఫ్యాను ఎప్పుడు, ఎంత వేగంతో తిరగాలో చెప్పేది కంప్యూటరే.

లారీలో కంప్యూటరెందుకు?

డీజిలును ఎప్పుడు చిమ్మాలి, ఎంత చిమ్మాలి అన్న పనిని చాలాకాలం పూర్తిగా యాంత్రికమైన పంపులే చేశాయి. జర్మనీకి చెందిన బాష్ సంస్థ 1927లో అటువంటి పంపులను పెద్ద ఎత్తున తయారు చేయడం ప్రారంభించింది. పాత లారీల్లో మీరు చూసే పంపులు వాటి సంతతివే.

ఆ పని ఎంత సున్నితమైనదో చూడండి. ఇంజను నిమిషానికి 1,500 చుట్లు తిరుగుతోందనుకోండి. అంటే సెకనుకు 25 చుట్లు. నాలుగు ఘాతాల ఇంజనులో ప్రతి సిలిండరుకూ రెండు చుట్లకొకసారి డీజిలు అందాలి. ఆరు సిలిండర్లుంటే సెకనుకు 75 సార్లు! ఇరుసు ఒక్క డిగ్రీ కోణం తిరగడానికి పట్టే కాలం సెకనులో తొమ్మిదివేలవ వంతు. కొద్ది డిగ్రీలు ముందుగా చిమ్మితే సిలిండరులో పీడనం, వేడి హద్దు దాటుతాయి. ఆలస్యమైతే డీజిలు సరిగా పనికి రాకుండా పొగగొట్టాన్ని వేడెక్కిస్తుంది.

మన దేశంలో వాహనాల పొగకు పరిమితులు క్రమంగా బిగిశాయి. దేశమంతటా 2017 ఏప్రిల్ 1 నుంచి బి.ఎస్.-4, 2020 ఏప్రిల్ 1 నుంచి బి.ఎస్.-6 ప్రమాణాలు అమలులోకి వచ్చాయి. ఇంత కఠినమైన ప్రమాణాలను అందుకోవాలంటే ఎలక్ట్రానిక్ అదుపు తప్పనిసరి అయింది. ఇటువంటి ఇంజన్లలో డీజిలును 2,000 వాతావరణ పీడనాల దాకా ఒత్తిడితో ఒక గొట్టంలో నిల్వ ఉంచుతారు. మీ బొటనవేలి గోరంత చోటు మీద రెండు టన్నుల బరువు పెట్టినంత ఒత్తిడి అది! ప్రతి సిలిండరుకూ విద్యుత్తుతో తెరుచుకునే ఒక చిన్న కవాటం ఉంటుంది. దాన్ని తెరిచి మూసే ఆజ్ఞ ఇచ్చేది ఒక చిన్న పెట్టె. దాని పేరు ఎలక్ట్రానిక్ కంట్రోల్ యూనిట్. పొట్టిగా ఇ.సి.యు. అంటారు. మెకానిక్కులు 'కంప్యూటరు' అనే పిలుస్తారు.

ఇ.సి.యు. జ్ఞాపకశక్తిలో మీ ఎక్కాల పుస్తకంలాంటి పట్టికలుంటాయి. ఇంజను ఇంత వేగంతో తిరుగుతూ, డ్రైవరు యాక్సిలరేటరు ఇంత తొక్కితే, ఇంత డీజిలును, ఈ క్షణంలో చిమ్ము అని ఆ పట్టిక చెబుతుంది. నీటి ఉష్ణోగ్రత పెరిగిపోతే దానికీ ఒక పట్టిక ఉంది. ముందు ఫ్యాను వేగం పెంచు. అప్పటికీ తగ్గకపోతే దీపం వెలిగించు. ఇంకా పెరిగితే డీజిలు తగ్గించు. డీజిలును నాలుగో వంతు తగ్గిస్తే పుట్టే వేడి కూడా దాదాపు నాలుగో వంతు తగ్గుతుంది. అప్పుడు బండి సరిగా లాగదు. డ్రైవరుకు విసుగు పుడుతుంది. కాని ఆ నీరసం జబ్బు కాదు, జాగ్రత్త.

కాపలాదారు కళ్ళు

ఇ.సి.యు. ఇంజను పక్కనున్న పెట్టె మాత్రమే. నీళ్ళలో వేలు పెట్టి చూడలేదు. దాని బదులు చూసేది సెన్సారు. నీటి సెన్సారులో థర్మిస్టరు అనే చిన్న ముక్క ఉంటుంది. రాగి తీగను వేడిచేస్తే దాని నిరోధం పెరుగుతుందని మీరు చదివారు. ఈ థర్మిస్టరులో అందుకు విరుద్ధంగా వేడి పెరిగినకొద్దీ నిరోధం బాగా తగ్గిపోతుంది.

కుర్రవాడు తండ్రినడిగి పాడైన లారీ సెన్సారును బడికి తెచ్చాడు. మేము ఒక గిన్నెలో ఐసు వేసిన నీళ్ళు పోసి, థర్మామీటరును, సెన్సారును మునిగేటట్లు వేలాడదీసి, నెమ్మదిగా వేడిచేశాం. సెన్సారు రెండు కొనలకు మల్టీమీటరు తగిలించి నిరోధాన్ని కొలిచాం. వచ్చిన అంకెలివి:

20 డిగ్రీలు – సుమారు 2,500 ఓములు
40 డిగ్రీలు – సుమారు 1,180 ఓములు
60 డిగ్రీలు – సుమారు 600 ఓములు
80 డిగ్రీలు – సుమారు 320 ఓములు
100 డిగ్రీలు – సుమారు 190 ఓములు

ఇ.సి.యు. ఓములను నేరుగా చదవదు. తనలోని ఒక స్థిర నిరోధాన్నీ ఈ థర్మిస్టరునూ శ్రేణిలో కలిపి 5 వోల్టుల విద్యుత్తు ఇస్తుంది. థర్మిస్టరు వాటాకు ఎన్ని వోల్టులు వచ్చాయో చూస్తుంది. లెక్క తేలికగా ఉండడానికి ఆ స్థిర నిరోధం కూడా 2,500 ఓములే అనుకుందాం. 20 డిగ్రీల దగ్గర రెండూ సమానం కాబట్టి థర్మిస్టరుకు 2.5 వోల్టులు వస్తాయి. 80 డిగ్రీల దగ్గర 5 × 320 ÷ 2,820 = 0.57 వోల్టు. 100 డిగ్రీల దగ్గర 0.35 వోల్టు. వోల్టులు ఎంత తగ్గితే నీరు అంత వేడిగా ఉందని ఇ.సి.యు. గ్రహిస్తుంది.

తీగ తెగిపోతే? పూర్తి 5 వోల్టులు కనిపిస్తాయి. నీరు అంత చల్లగా ఉండడం అసాధ్యం కాబట్టి ఇది లోపమని ఇ.సి.యు. పసిగట్టి దీపం వెలిగిస్తుంది. తెగిన తీగను అది పట్టుకోగలదు. కాని నమ్మదగిన అబద్ధాన్ని పట్టుకోవడం దానికి చాలా కష్టం.

ఉదాహరణకు మన బుడగట్లపాలెం తీరంవంటి చోట్ల గాలిలో ఉప్పు ఉంటుంది. ఆ తేమకు సెన్సారు తీగల కొనలు పచ్చగా చిలుము పడతాయి. ఆ చిలుము 130 ఓముల అదనపు నిరోధాన్ని కలిపిందనుకోండి. నీరు 100 డిగ్రీలున్నప్పుడు సెన్సారు 190 ఓములు చూపాలి. చిలుముతో కలిపి 320 అవుతుంది. ఇ.సి.యు. తన పట్టిక చూసి, '80 డిగ్రీలే, భయం లేదు' అనుకుంటుంది. కంటికి ఆనని చిలుము 20 డిగ్రీల వేడిని దాచేసింది చూశారా!

కాపలాదారుకూ వేడి పడదు

ఇంజనును వేడినుంచి కాపాడే ఈ పెట్టెకు వేడంటే గిట్టదు. ఇందులో చిత్రమేమీ లేదు. ఇ.సి.యు.లోని చిప్పులు సిలికానుతో చేసినవి. సిలికాను పరికరాలలో ఆపినా ఆగకుండా కారే విద్యుత్తు కొంత ఉంటుంది. ఉష్ణోగ్రత ప్రతి 10 డిగ్రీలు పెరిగినప్పుడల్లా ఇది దాదాపు రెట్టింపవుతుంది. 25 నుంచి 125 డిగ్రీలకు పోతే పదిసార్లు రెట్టింపు. అంటే సుమారు వెయ్యి రెట్లు! వాహనాల చిప్పుల్లో చాలావాటిని పరిసరాలు 125 డిగ్రీలకు చేరినా పని చేసేట్లు తయారు చేస్తారు. అంతకు మించితే వాటి మీద భరోసా లేదు.

ఇంకొక చిక్కు ఉంది. ఇంజను వేడెక్కినప్పుడు పెట్టెలోని పలకా, భాగాలూ వేరువేరుగా వ్యాకోచిస్తాయి. చల్లారినప్పుడు కుంచించుకుంటాయి. వేల సార్లు ఇలా జరిగితే వాటిని కలిపిన టంకం సన్నగా పగులుతుంది. బండి చల్లగా ఉన్నప్పుడు బాగుండి, వేడెక్కగానే మొరాయించడానికి ఒక్కొక్కసారి ఇదే కారణం.

అందుకే ఇ.సి.యు.ను పొగగొట్టానికి దూరంగా, గాలి తగిలేచోట బిగిస్తారు. దాని అల్యూమినియం పెట్టె మీద దువ్వెన పళ్ళలాంటి రెక్కలుంటాయి. ఉపరితలం పెరిగితే వేడి త్వరగా పోతుంది. కొన్ని పెద్ద ఇంజన్లలో ఇ.సి.యు. వెనక ఒక లోహపు పలక ఉండి, ట్యాంకునుంచి వచ్చే చల్లని డీజిలు దానిగుండా ప్రవహిస్తూ పెట్టెను చల్లబరుస్తుంది. ఆ పెట్టె మీద మట్టి పేరుకోనివ్వడం, దాని మీద గుడ్డలు కుక్కడం ఎందుకు తప్పో ఇప్పుడు మీరే చెప్పగలరు.

ట్యూనింగ్ అంటే ఏమిటి?

వీణ తీగలను శ్రుతి చేసినట్లు ఇ.సి.యు.లోని పట్టికలను ఇంజనుకు తగినట్లు సరిచేయడమే ట్యూనింగ్. ఇంజను తయారు చేసేవారు దీనికోసం ఎండలోనూ, మంచులోనూ, కొండల మీదా నెలల తరబడి పరీక్షలు చేస్తారు. బలం, మైలేజి, పొగ, ఇంజను ఆయుష్షు – ఈ నాలుగింటికీ రాజీ కుదిర్చి పట్టికలోని ప్రతి అంకెనూ నిర్ణయిస్తారు.

ఆ అంకెలను తరువాత ఎవరైనా మార్చవచ్చా? కొందరు మారుస్తున్నారు. డీజిలు వాటా పెంచితే బండి బలంగా లాగుతుంది, నిజమే. కాని ఆ బలం ఊరికే రాదు. మన లెక్క మళ్ళీ చూడండి. 40 జౌళ్ళ పని అదనంగా కావాలంటే 60 జౌళ్ళ వేడి అదనంగా భరించాలి. డీజిలు పెంచి గాలి పెంచకపోతే పూర్తిగా మండని ఇంధనం నల్లపొగగా పోతుంది. పిస్టన్లు అల్యూమినియం మిశ్రమ లోహంతో చేసినవైతే మరీ ప్రమాదం. శుద్ధమైన అల్యూమినియం 660 డిగ్రీల దగ్గర కరుగుతుంది. మిశ్రమం అంతకంటే ఎంతో ముందే మెత్తబడుతుంది. రేడియేటరు, ఫ్యాను, పిస్టను పాతవే. పట్టికలోని అంకె మాత్రమే కొత్తది. ఇక ఏది ముందుగా ఓడిపోతుందో చూడాలంతే.

మరి ఆ లారీకి ఏం జరిగింది?

పట్నంలో ఇంజను విప్పారు. హెడ్ గాస్కెట్టు కాలిపోయింది. పిస్టన్లు గీరుకుపోయి సిలిండర్లలో బిగుసుకున్నాయి. మెకానిక్కుకు సెన్సారు తీగల మధ్య నల్లటేపు చుట్టిన చిన్న ముక్క ఒకటి కనిపించింది. సెన్సారుతో పాటు దాన్ని కూడా కుర్రవాడు తరగతికి తెచ్చాడు. టేపు విప్పితే అదొక మామూలు నిరోధకం. దాని మీద నారింజ, నారింజ, గోధుమ రంగు పట్టీలున్నాయి. రంగుల సంకేతం నేర్చుకున్న పిల్ల ఒకతె వెంటనే లెక్కగట్టింది: మూడు, మూడు, పక్కన ఒక సున్నా. 330 ఓములు!

అందరూ మా పట్టిక వైపు చూశారు. 330 ఓములంటే దాదాపు 80 డిగ్రీలు. నీరు చల్లగా ఉన్నా, మరిగిపోతున్నా ఇ.సి.యు.కు ఎప్పుడూ కనిపించేది 80 డిగ్రీలే! అందుకే దీపం వెలగలేదు. డీజిలు తగ్గలేదు. ఫ్యాను పూర్తి వేగం అందుకోలేదు. డ్రైవరు ముందున్న ముల్లు కూడా ఇ.సి.యు. చెప్పినట్లే కదలకుండా నిలబడింది.

సాయంత్రం కుర్రవాడి తండ్రిని కలిశాను.

"మూడు నెలల కిందట ఘాటెక్కితే చాలు, దీపం వెలిగి బండి లాగడం మానేసేది మాస్టారూ. దారిలో ఒకచోట చూపిస్తే, కంప్యూటరు ట్యూనింగ్ చేశామన్నారు. ఆ తర్వాత దీపం వెలగలేదు. బండి కూడా బాగా లాగింది. బాగయిందనే అనుకున్నాను" అన్నాడు.

"రేడియేటరు చూపించావా బాబూ?" అని అడిగాను.

"ఇప్పుడు విప్పాక చూశాం. రేకుల నిండా మట్టి, ఊక. ఊక లోడు తోలినప్పుడు పట్టేసినట్టుంది. అటునుంచి ఇటు వెలుతురు కూడా కనబడలేదు మాస్టారూ" అన్నాడు.

అసలు జబ్బు అది. ఒక గంటసేపు నీళ్ళతో మెల్లగా కడిగితే పోయేది. ఇ.సి.యు. మూడు నెలల కిందటే ఆ సంగతి దీపం వెలిగించి చెప్పింది. జబ్బును వదిలేసి చెప్పేవాడి కళ్ళకు గంతలు కట్టారు. ఇప్పుడు ఆ ఇంజను బాగుచేయించడానికి ఆ కుటుంబం నెలల సంపాదన పోయాలి. కుర్రవాడికి తన ప్రశ్నకు జవాబు దొరికింది. కంప్యూటరు తన పని తాను చేసింది. దానికి నిజం చేరనివ్వలేదు, అంతే.

ఇంజను వేడెక్కితే ఏం చేయాలి?

బండిని నీడన, రోడ్డుకు ఎడంగా ఆపాలి. నీరు కారిపోకుండా ఉండి, ముల్లు ఇంకా పైకి పోకుంటే ఇంజనును కొద్ది నిమిషాలు నెమ్మదిగా తిరగనివ్వాలి. నీరు, ఫ్యాను వేడిని లాగేస్తాయి. నీరు కారుతున్నా, ముల్లు పైకి పోతున్నా వెంటనే ఇంజను ఆపేయాలి. నీరు తగ్గి సెన్సారు గాలిలో తేలితే అది చెప్పే అంకెను నమ్మడానికి లేదు.

మూతను చల్లారేవరకు తాకరాదు. చల్లారకముందు ఇంజను మీద చన్నీళ్ళు పోయరాదు. వెలుగుతున్న లాంతరు చిమ్నీ మీద నీటి చుక్క పడితే ఏమవుతుందో మీ తాతయ్యను, నాయనమ్మను అడగండి. ఇంజను హెడ్డుకూ అదే గతి పడుతుంది. ఆ తర్వాత రేడియేటరు రేకులు, ఫ్యాను, థర్మోస్టాటు, సెన్సారు తీగల కొనలు – వీటిని వరసగా పరీక్ష చేయించాలి. కారణం తెలిశాకనే దీపం ఆర్పాలి.

మీరూ చేసి చూడండి

ఎలక్ట్రానిక్ సామాను అమ్మే దుకాణంలో థర్మిస్టరు కొద్ది రూపాయలకే దొరుకుతుంది. దాని తీగలకు నీరు తగలకుండా సన్నని ప్లాస్టిక్ గొట్టం తొడగండి. వేడి నీళ్ళలో ముంచి, నీరు చల్లారుతున్నకొద్దీ ప్రతి 10 డిగ్రీలకూ నిరోధాన్ని మల్టీమీటరుతో కొలవండి. గ్రాఫు గీయండి. మీ అంకెలు మా అంకెలకు భిన్నంగా ఉండవచ్చు, కాని గీత ఒంపు ఒకేలా ఉంటుంది. వేడి నీటి దగ్గర పెద్దవాళ్ళు తోడుండాలి. ఇంటి కరెంటు జోలికి పోవద్దు.

ఆలోచించండి

1. మీ గ్రాఫు సరళరేఖగా వచ్చిందా, వంపు తిరిగిందా? ఒక డిగ్రీ మార్పును థర్మిస్టరు చల్లని నీటిలో బాగా చూపుతుందా, వేడి నీటిలోనా?

2. సెన్సారు రెండు తీగలూ ఒకదానికొకటి తగిలితే నిరోధం సున్నా అవుతుంది. అప్పుడు నీరు ఎలా ఉందని ఇ.సి.యు. అనుకుంటుంది?

3. ఒకే సెన్సారును నమ్ముకునే బదులు, అబద్ధాన్ని పట్టుకోవడానికి ఇ.సి.యు. ఇంకా వేటిని గమనించవచ్చు? ఉదయం చల్లగా ఉన్న ఇంజనును తిప్పగానే నీరు 80 డిగ్రీలున్నట్లు కనబడితే, మీరే ఇ.సి.యు. అయితే ఏమనుకుంటారు?